ఏమీ లేని లంక

ఆ మంగళవారం పొద్దున దసూకీ తన ఊరిని తన నోటితోనే తుడిచిపెట్టేశాడు. గంటన్నర పట్టింది. మధ్యలో టీ కూడా తాగారు.

ఎవరూ తుపాకి పెట్టి చెప్పించలేదు. అడిగిన ప్రతిదానికీ వాళ్ళ నాన్న చెప్పినట్టే, తాత చెప్పినట్టే, తలకాయ ఉన్న మనిషి పరాయివాళ్ళకు చెప్పవలసినట్టే జవాబు చెప్పాడు. అదే కొంప ముంచింది.

దసూకీ బురుల్లుస్ సరస్సులో రయిస్, అంటే పడవకు పెద్ద. వయసు యాభై రెండు. చిన్నప్పటి నుంచీ బూరీ చేపల వేట, ఈ మధ్య ఆరేళ్ళుగా శుక్రవారం శుక్రవారం టూరు. కైరో నుంచీ తంతా పట్నం నుంచీ వచ్చినవాళ్ళను రేవులో ఎక్కించుకుని, సరస్సు నీళ్ళు సముద్రంలో పడే మొగ దాకా తీసుకెళ్ళి, అక్కణ్ణుంచి రెల్లు సందుల్లోకి తిప్పి, అబూ తీన్ లంక చుట్టూ ఒక చుట్టు చుట్టి, లంక రేవులో టీ పోయించి వెనక్కి దింపుతాడు. అబూ తీన్ అతని సొంత ఊరు. వచ్చినవాళ్ళు కొంగల్ని ఫొటోలు తీసుకుని, గాలి బాగుందని చెప్పి, వెళ్ళిపోతారు. వాళ్ళ దారిన వాళ్ళు, వీళ్ళ దారిన వీళ్ళు.

మంగళవారం టూరు అడిగినవాళ్ళు ఇద్దరే. ఒకావిడ, నెర్మీన్ అని, ఇంజనీరు. నల్ల కళ్ళద్దాలు, మట్టి అంటని బూట్లు. రెండోవాడు లుత్ఫీ, ఆమె గుమాస్తా. చేతిలో అట్ట, అట్టకు క్లిప్పు, క్లిప్పు కింద కాగితాలు. మామూలు టూరే కావాలనీ, అందరికీ చూపించేదే చూపించమనీ అన్నారు. సర్కారు మనుషులో కంపెనీ మనుషులో అయివుంటారని దసూకీ అనుకున్నాడు. కాగితం పట్టుకుని వచ్చినవాడికి ఏమీ చెప్పకూడదన్నది వాళ్ళ ఇళ్ళల్లో పాలతో పాటు పట్టే బుద్ధి.

పడవ ఎక్కుతూ ఆవిడ నవ్వింది. ముందు పళ్ళ మధ్య సందు. పళ్ళసందువాళ్ళ కన్ను మంచిది కాదని ఆ చుట్టుపక్కల పసిపిల్లకు కూడా తెలుసు. కొత్తగా ఆకుపచ్చ రంగు వేసిన పడవ అంచును ఆవిడ చేత్తో నిమిరి, ఎంత ముద్దుగా ఉందో అంది. అని ఊరుకుంది. పక్కన మాషా అల్లాహ్ అనలేదు.

ఎవరైనా దేవుడి పేరు తియ్యకుండా మెచ్చుకుంటే తలుపు తెరిచినట్టు. ఆ తలుపు వెంటనే మూసెయ్యాలి. దసూకీ మూసేశాడు. పైపై రంగే తల్లీ, లోపలంతా పుచ్చు, ఈ ఏడు గడిస్తే గొప్పే అన్నాడు. పడవకు మూడేళ్ళు కూడా నిండలేదు. లుత్ఫీ తలొంచుకుని మీసాల్లో నవ్వుకున్నాడు. దసూకీ ఆ నవ్వు చూశాడు. చూసి, మనవాడే అనుకున్నాడు. అదీ తప్పే.

మొగ దగ్గర వేట పడవలు తిరిగి వస్తున్నాయి. ఒక రయిస్ వీళ్ళను చూడగానే బుట్టల మీద గోనెపట్టా లాగేశాడు. పట్టా కింద బూరీలు ఎగిరిపడుతున్నాయి, గోనె దానంతట అదే లేచి కూర్చుంటోంది. చేపలు బాగా పడతాయా అని ఆవిడ అడిగింది. చేపలెక్కడివి తల్లీ, ముళ్ళు మిగిలాయి, అవి కూడా మా గొంతులో గుచ్చుకోడానికే అన్నాడు దసూకీ. లుత్ఫీ రాసుకున్నాడు. రెల్లు సందుల్లో నీళ్ళలో వరసగా పాతిన కర్రలూ వలకట్టూ చూసి ఎవరివని అడిగింది. పోయిన నెలే అతనూ అతని అన్నా నడుములోతు నీళ్ళల్లో నిలబడి పాతినవి. ఎవరివీ కావమ్మా, పాతకాలపువి, కుళ్ళిపోయాయి అన్నాడు. లుత్ఫీ అదీ రాసుకున్నాడు.

నవ్వేవాళ్ళు నవ్వొచ్చు, మూఢనమ్మకం అని. కానీ ఇది ఎక్కణ్ణుంచి వచ్చిందో కూడా ఆలోచించాలి. వీళ్ళ ముత్తాతలు ఉన్న గేదెను ఉందన్నప్పుడు పన్నువాడు తోలుకుపోయాడు. ఉన్న కొడుకును ఉన్నాడన్నప్పుడు అప్పటి ఏలిక పాషా మనుషులు కాలవ తవ్వకానికి తాడు కట్టి లాక్కుపోయారు, తిరిగి పంపలేదు. దిష్టి అంటే వాళ్ళకు ఉత్త కన్ను కాదు. ఆ కన్ను వెనక ఎప్పుడూ ఒక చెయ్యి ఉండేది. అందుకే దాచడం నేర్చుకున్నారు. బాగా నేర్చుకున్నారు.

లంక ఇంకా రెల్లు చాటున ఉండగానే దసూకీ గొంతెత్తి ఒక కూనిరాగం తీశాడు. పరాయివాళ్ళు వస్తున్నారని దాని అర్థం. ఆ రాగం చివరి మెలిక తిరిగేలోపు అబూ తీన్ ఖాళీ అయిపోయింది. దండెం మీది బట్టలు మాయం. పొయ్యిల మీద నీళ్ళు. గేదెలు రెల్లులోకి, పిల్లలు గోడల వెనక్కి, ముసలాళ్ళు ధాన్యం గదుల్లోకి. ప్రతి శుక్రవారం చేసేదే, చెయ్యి తిరిగిన పని.

రేవులో దసూకీ భార్య బహానా ఒక్కతే కూర్చుని ఉంది, ఒళ్ళో పిల్లితో. టీ పోసింది. గాజు గ్లాసులు, నాలుగు చెంచాల పంచదార. ఇంజనీరు ఎంతమంది ఉంటారిక్కడ అని అడిగింది.

"నేనూ, ఈ పిల్లీనమ్మా," అంది బహానా.

"మరి ఇన్ని ఇళ్ళు?"

"ఇళ్ళేంటమ్మా, మొండిగోడలు. ఉప్పు తినేసింది. పోయినవాళ్ళు పోయారు, చచ్చినవాళ్ళు చచ్చారు."

ఆ మాట పూర్తవుతుండగానే గోడ వెనక ఒక పసిబిడ్డ కయ్యిమంది.

"పిల్లి," అంది బహానా.

పిల్లి ఆవిడ ఒళ్ళోనే నిద్రపోతోంది. లుత్ఫీ పిల్లిని చూశాడు, గోడను చూశాడు, తలొంచుకుని రాసుకున్నాడు.

ఆ ఏడ్చింది దసూకీ కూతురు ఇన్సాఫ్ కొడుకు. ముందు ముగ్గురు పుట్టి పోయారు, ఒక్కరూ నలభై రోజులు దాటలేదు. అందుకే నాలుగోవాడికి షహ్హాత్ అని పేరు పెట్టారు, అంటే బిచ్చగాడు. బిచ్చగాడి ముంత మీద చావుకు కూడా ఆశ ఉండదని. ఆడపిల్ల గౌను తొడిగారు, నుదుట మసి రాశారు, భుజానికి నీలిపూస కుట్టారు. ఏడు నెలలుగా పరాయి కన్ను వాడి మీద పడలేదు. గోడ వెనక ఇన్సాఫ్ వాడి నోరు రొమ్ముతో మూసి, ఊపిరి బిగబట్టి నిలబడింది.

తిరుగు దారిలో, రేవు కనపడుతుండగా, లుత్ఫీ అట్ట అందించి ఇక్కడ సంతకం పెట్టమన్నాడు. టూరు చూపించినట్టు, ఊరికే, అన్నాడు.

దసూకీ నలభయ్యో ఏట అక్షరాలు నేర్చుకున్నవాడు. అంత కష్టపడి నేర్చుకున్నవాడు చదవకుండా సంతకం పెట్టడు. పడవ నెట్టే గెడ చంకలో ఇరికించుకుని, వేలు పెట్టి ఒక్కో మాటా కూడబలుక్కున్నాడు. ఎండలో వాళ్ళు కాచుక్కూర్చున్నారు.

అబూ తీన్ లంక. జనావాసం లేదు. పశువులు లేవు. చేపల వేట లేదు. కట్టడాలు శిథిలం. స్థానికుడైన రయిస్ దసూకీ వాంగ్మూలం ప్రకారం లంక ఖాళీ. కట్ట వేసి చేపల చెరువులకు అప్పగించడానికి అభ్యంతరాలు లేవు.

ఖాళీ అన్న మాట మీద అతని వేలు ఆగిపోయింది. మళ్ళీ మొదటి నుంచీ చదివాడు. రెండోసారీ అదే ఉంది. చంకలోంచి గెడ జారి నీళ్ళలో పడింది. పుట్టి బుద్ధెరిగాక అతని చేతిలోంచి గెడ జారడం అదే మొదలు. పడవ తనంతట తాను పక్కకు తిరిగింది. నీళ్ళలో తేలిపోతున్న ఆ కర్రను, ఎవరి కర్రో అన్నట్టు చూస్తూ నిలబడ్డాడు. నీకు బిడ్డలే లేరని, నువ్వే చెప్పావని, ఎవరో చెవిలో చెబుతున్నట్టుంది.

"ఇదెవరు చెప్పారండీ?" అన్నాడు.

"మీరే," అంది ఇంజనీరు. ఆమె కూడా తెల్లబోయింది, ఈ మనిషికి ఏమైందో తెలియక. "ప్రతి ముక్కా మీరన్నదే."

"అది మాటండీ. అలా అంటాం."

"అలా అంటామంటే?"

"ఉన్నదాన్ని లేదంటామండీ."

"అంటే ఇంతసేపూ నాకు అబద్ధం చెప్పారు."

"అబద్ధం కాదండీ. జాగ్రత్త."

ఆమె కళ్ళద్దాలు తీసింది. కోపం లేదు, విసుగు ఉంది. ఆ విసుగే దసూకీని ఎక్కువ భయపెట్టింది.

"చూడు రయిస్. కాసేపటి కింద లేదన్నావు, ఇప్పుడు ఉందంటున్నావు. పైగా నేను కళ్ళారా చూశాను, ఒక ముసలమ్మా ఒక పిల్లీ. ఏ మాట రాయమంటావు?"

దసూకీ ఒడ్డున పడ్డ బూరీలా నోరు తెరిచి మూశాడు. అప్పుడు గుర్తొచ్చింది, మీసాల్లో నవ్వు. లుత్ఫీ వైపు తిరిగి, మీది ఏ ఊరండీ అని అడిగాడు. మెతూబిస్ పక్కన పల్లె అన్నాడు లుత్ఫీ. పడవలో పోతే పూట ప్రయాణం కూడా కాదు.

"మీ అమ్మమ్మ పరాయివాళ్ళకు బిడ్డల్ని చూపించేదా?"

లుత్ఫీ కాసేపు నీళ్ళ వైపు చూశాడు. తర్వాత, దాచడానికి ఏముందిలే అన్నట్టు, మామూలుగా చెప్పాడు.

"మా అమ్మమ్మకు పదకొండుమంది మనవలం. ఎవరడిగినా నేను గొడ్రాలిని అనేది."

ఇంజనీరు నెమ్మదిగా మెడ తిప్పి తన గుమాస్తాను చూసింది.

"అంటే నీకు తెలుసా?"

"చెప్పింది రాయడమే కదా మేడమ్ నా పని. చెప్పిన మాటకు అర్థం రాయడానికి ఈ కాగితంలో గడి లేదు."

ఎంత తాపీగా అన్నాడో. ఆ పిల్లాడి ఏడుపు విన్నాడు. ఒళ్ళో పిల్లిని చూశాడు. గోనెపట్టా కింద ఎగిరే చేపను చూశాడు. వాడి అమ్మమ్మ భాషలో అవన్నీ ఏమిటో వాడికి తెలుసు. తెలిసి, లేదు లేదు లేదు అని మూడు గళ్ళు నింపాడు. కైరో నుంచి వచ్చినామెకు తెలియకపోవడం తెలియకపోవడమే. పక్క పల్లెవాడు తెలిసి రాయడానికి ఏం పేరు పెట్టాలి? దసూకీ దగ్గర ఆ పేరు ఉంది. కానీ ఆడమనిషి ముందు అనే మాట కాదు, మింగేశాడు.

మధ్యాహ్నం ప్రార్థన వేళకు కాగితం ఆఫీసులో ఉండాలని ఇంజనీరు అంది. గడియారం చూసుకుంది. లుత్ఫీని మళ్ళీ చూసింది. అరగంట ఇస్తాను, ఉన్నదేదో చూపించు అంది.

దసూకీ వంగి చేతులతో తెడ్డేసి గెడ అందుకున్నాడు. తెరచాప తిప్పాడు. ఈసారి రాగం తియ్యలేదు.

తియ్యకపోయినా లాభం లేకపోయింది. పరాయివాళ్ళు వెళ్ళి మళ్ళీ వచ్చారంటే పట్టుకుపోవడానికే అని లంక ఇంకా లోతుగా దాక్కుంది. దసూకీ రేవులో దూకి బయటికి రమ్మని కేకేశాడు. రెల్లు కదల్లేదు. అన్నను పిలిచాడు, పేరు పెట్టి. కొడుకుల్ని పిలిచాడు. గోడలు మొండిగోడల్లాగే నిలబడ్డాయి. ఎంత నిశ్శబ్దమంటే ఒక్క క్షణం అతనికే అనుమానం వచ్చింది, నిజంగానే ఎవరూ లేరేమో, ముప్పై ఏళ్ళుగా కల గన్నానేమో అని.

బహానా లేచొచ్చింది. మొగుణ్ణి ఎవరో బెదిరించి తెచ్చారని ఆవిడ లెక్క. ఆదుకోవాలని కన్ను కూడా గీటింది.

"ఎవరిని పిలుస్తున్నావయ్యా? ఎండదెబ్బ తగిలిందా? ఇక్కడ ఎవరున్నారని?"

లుత్ఫీ కలం మూత తీశాడు. "రెండోసారి కూడా అదే మాట," అన్నాడు, ఎవరితోనూ కాదన్నట్టు.

దసూకీ భార్య చెయ్యి పట్టుకున్నాడు. "ఏమే, విను. లంక ఖాళీ అని రాసుకున్నారు. కట్ట వేసి చెరువులు తవ్వుతారట. నేనే చెప్పానట. నువ్వూ చెప్పావు. నీ ఒళ్ళో పిల్లి కూడా సాక్ష్యం చెప్పింది."

బహానా ఉన్నచోటే బురదలో కూలబడింది. కానీ నోరు విప్పి ఎవరినీ పిలవలేదు. పిలవడం ఆవిడకు చేతకాదు. యాభై ఏళ్ళ నోరు, లేదనడానికే అలవాటు పడ్డ నోరు.

అప్పుడు దసూకీ ఆ లంకలో ఎవరూ ఎప్పుడూ చెయ్యని పని చేశాడు. పట్టపగలు, పళ్ళసందు మనిషి ముందు, గొంతెత్తి తనవాళ్ళను లెక్కపెట్టడం మొదలుపెట్టాడు.

"రాసుకోండి. నాకు ముగ్గురు కొడుకులు. ఒక కూతురు. మనవలు తొమ్మిదిమంది. పాలిచ్చే గేదెలు నాలుగు..."

బహానా లేచి రెండు చేతులతో అతని నోరు మూసింది. బిడ్డల్ని చంపేస్తావా అని చెవిలో ఏడ్చింది. అతను ఆ చేతులు పీకేసి మళ్ళీ అన్నాడు, గేదెలు నాలుగు, ఒకటి చూడిది. గోడల వెనక ఎవరో ఆడమనిషి గొంతు, దేవుడా దేవుడా అని. ఎవరో దిష్టి తగలకుండా ఉమ్మేసిన చప్పుడు. అయినా ఒక్కరూ రాలేదు. అరగంటలో సగం అయిపోయింది.

గోడ పక్క నుంచి ఇన్సాఫ్ నడిచొచ్చింది.

పరిగెత్తలేదు, మామూలుగా నీళ్ళకు వచ్చినట్టు వచ్చింది. చంకలో బిడ్డ. అందరూ చూస్తుండగా కొంగు తడిపి వాడి నుదుటి మసి తుడిచేసింది. గౌను పైకి లాగి తీసి ఒడ్డున పడేసింది. ఎండలో దిసమొలగా, బొద్దుగా, మగపిల్లాడు. కూతుర్ని ఆపాలని దసూకీ చెయ్యి లేచింది. ముగ్గుర్ని ఆ చేతులతోనే పూడ్చాడు అతను.

ఇన్సాఫ్ తిన్నగా ఇంజనీరు ముందుకొచ్చి ఆగింది.

"ముందు మాషా అల్లాహ్ అను," అంది. "ఆ తర్వాత రాయి."

నెర్మీన్ బిడ్డను చూసింది, గోడను చూసింది. ఇందాక ఏడ్చిన పిల్లి ఇదేనని అప్పుడు ఆమెకు అర్థమైంది. పెదవులు తడుపుకుంది.

"మాషా అల్లాహ్," అంది.

"నువ్వూ అను," అంది ఇన్సాఫ్, లుత్ఫీతో.

అన్నాడు. ఆ మాట వాడి నోట వాళ్ళ అమ్మమ్మ యాసతో వచ్చింది. చెవులు ఎర్రబడ్డాయి.

"పేరు?"

"యహ్యా."

దసూకీ ఉలిక్కిపడ్డాడు. షహ్హాత్ కదా అన్నాడు. అది మీ అందరికీ నాన్నా అంది ఇన్సాఫ్. అసలు పేరు మొగుడి చెవిలో తప్ప ఏడు నెలలుగా ఎక్కడా పలకలేదట. యహ్యా అంటే బతికేవాడు. సొంత తాత నుంచి కూడా దాచింది. ఇంత బాగా నేర్పిందెవరు? తనే.

ఇంజనీరు అట్ట లాక్కుంది. ఖాళీ అన్న మాట మీద అడ్డంగా గీత కొట్టింది. గళ్ళు చాలవని కాగితం తిరగేసి, తెల్ల వైపు లుత్ఫీ ముందు పెట్టి, అర్థం రాయడానికి ఇదిగో చోటు అంది.

ఆ తర్వాత వచ్చారు. ముందు దసూకీ పెద్దకొడుకు, నీళ్ళు కారుతూ, రెల్లులోంచి. వాడి వెనక గేదె. ధాన్యం గదిలోంచి ముసలాళ్ళు, ఎండకు చేతులడ్డం పెట్టుకుని. పిల్లలు ఒకళ్ళ చొక్కా ఒకళ్ళు పట్టుకుని. ప్రతివాళ్ళూ ముందు ఇంజనీరు చేత ఆ మాట అనిపించుకున్నారు. ఇరవై దాటేసరికి ఆమె అడక్కుండానే అంటోంది. కొందరు పేరు చెప్పి వెంటనే ఏడ్చారు, చెయ్యరాని పని చేసినట్టు. బహానా ప్రతి అంకెకూ దిష్టి తగలకుండా వేళ్ళు ఐదూ చాచి గాలిలో అడ్డం పెడుతూనే ఉంది. కాని ఆపలేదు. ప్రతి పేరు పక్కనా దసూకీ వేలిముద్ర వేయించాడు. సిరా అయిపోతే పొయ్యి మసి తెచ్చాడు. బిడ్డ నుదుట పెట్టే మసే.

ఈ వెనక వైపు రాత ఆఫీసులో నిలుస్తుందో, ముందు వైపు రాతే గెలుస్తుందో దసూకీకి తెలియదు. కాగితాలకు ముందు వైపు చదివే అలవాటు ఎక్కువ. అందుకే సంతకం పెట్టేముందు ఒక మాట చెప్పాడు, రేపు పొద్దున తనూ ఆఫీసుకు వస్తానని, వీళ్ళందర్నీ పడవల్లో ఎక్కించుకుని, గేదెల్తో సహా. ఇంజనీరు వద్దనలేదు.

లుత్ఫీ నలభై ఒకటి దగ్గర ఆగి చెయ్యి విదిలించుకున్నాడు. పొద్దుటి నవ్వు ఆ మీసాల్లో లేదు. ఇంకెవరైనా ఉన్నారా అని అడిగాడు.

"ఎవరూ లే..." అంది దసూకీ నోరు.

దానంతట అదే అంది. దసూకీ నాలుక కరుచుకున్నాడు, నెత్తురు చిమ్మేట్టు.

"ఉన్నారు," అన్నాడు. "మా అన్న ఇంటివాళ్ళు ఇంకా రెల్లులోనే ఉన్నారు. కలానికి మూత పెట్టకు. పిలుచుకొస్తాను."